ఎనిమిదో ఎండ్రకాయ

సముద్రపు చేపతో కోస్తా వంటనూ తెలంగాణ వంటనూ ఒకే కుండలో కలిపి వండి, విమానం దిగి వచ్చిన వియ్యంకుడి చేత వేళ్లు నాకించిన మొనగాడు శంషాబాద్ చుట్టుపక్కల నేనొక్కణ్ణే. ఈ ముక్క సాతంరాయి టీ కొట్టు దగ్గర ఎన్నిసార్లు చెప్పానో నాకే గుర్తులేదు. చెప్పిన ప్రతిసారీ చేప ఒక జానెడు పెరిగింది. మొదట మూడు కిలోలు ఉండేది. ఆ ఏడు దసరా వచ్చేసరికి తొమ్మిదైంది. ఒకసారి మాటల ఊపులో, అది ఆటోలో పట్టక తోక బయటికి వదిలేసి తెచ్చాననీ, ఆరాంఘర్ చౌరస్తాలో పోలీసు ఆపి తోకకు ఎర్రగుడ్డ కట్టించాడనీ కూడా చెప్పాను. అయితే నోటిమాట వేరు, కాగితం వేరు. కాగితం మీద పెట్టినదాన్ని మా ఇంటిది కోడలి చేత చదివించుకుని వింటుంది. అందుకని మొదట్లోనే సర్దుకుంటున్నాను. చేప మూడు కిలోలకు కాస్త తక్కువ. తోక సంచిలోనే ఉంది.

విమానాశ్రయం వచ్చినప్పుడు మా పొలంలో చాలా భాగం దాని ప్రహరీ లోపలికి పోయింది. మాకు మిగిలింది ఇల్లు, ఇంటి వెనక కొట్టం, అందులో ఒక బర్రె. మా వాడికి ఆ విమానాశ్రయంలోనే సరుకులు ఎక్కించి దింపేచోట ఉద్యోగం దొరికింది. అక్కడ టికెట్ల కౌంటర్లో కూర్చునే కాకినాడ వైపు అమ్మాయిని ఇష్టపడ్డాడు. అవి రాష్ట్రం ఒకటిగా ఉండాలా రెండు కావాలా అని ఇంటింటా వాదులాడుకుంటున్న రోజులు. అయినా నేను ఒక్క మాట అనకుండా, నవ్వుతూ ఆ పెళ్లికి ఒప్పుకున్నానని అందరికీ చెప్పుకుంటాను.

అదీ అబద్ధమే. "ఈ పెండ్లి గిట్ల అయితే ఈ ఇంట్ల ఒక్క మెతుకు ముట్ట" అని ఒట్టు పెట్టుకుని నులక మంచం బయట వేసుకుని పడుకున్నాను. మా ఇంటిది బతిమాలలేదు. రెండో పూటకు ఉడకబెట్టిన పల్లీలు గిన్నెలో తెచ్చి మంచం కింద పెట్టి, "పల్లీలు మెతుకులు కావు గద" అని వెళ్లిపోయింది. నేను న్యాయంగా ఆలోచించాను. నిజమే, కావు. తిన్నాను. మర్నాడు పొద్దున బొబ్బర్ల గుడాలు, అంటే గుగ్గిళ్లు వచ్చాయి. అవీ మెతుకులు కావు. సాయంత్రానికి నా ఒట్టు కడుపునిండా తిని, మెత్తబడి, పెళ్లికి ఒప్పుకుంది.

అమ్మాయి తండ్రి ఒట్టు మాత్రం పల్లీలకు లొంగే రకం కాదు. ఆయన పెద్ద బడిలో లెక్కల మాస్టారుగా చేసి రిటైరైన మనిషి. పెళ్లికి రాలేదు. "ఆ ఇంట్లో నేను పచ్చి మంచినీళ్లు కూడా ముట్టను" అన్నాడట. అన్న మాట ప్రకారమే రెండేళ్లు కూతురితో మాట్లాడలేదు. తల్లి ఆయనకు తెలియకుండా వంటింట్లోంచి ఫోన్ చేసేది. వెనక నుంచి "ఎవరే ఫోన్లో?" అని ఆయన గొంతు వినిపిస్తే, "గ్యాస్ వాళ్లండీ" అనేది. అట్లా అన్నాక తల్లి ఫోన్ పెట్టేయకుండా కాసేపు అలాగే పట్టుకుని నిలబడేది. అక్కడ ఆయన దగ్గితే, పేపరు తిప్పితే, ఆ చప్పుడు ఇక్కడ మా కోడలు వినేది. గ్యాస్ కంపెనీ కోసం ఒక ఆడపిల్ల కళ్లనీళ్లు పెట్టుకోవడం నేను మా ఇంట్లోనే చూశాను.

రెండేళ్లయ్యాక ఒకనాడు ఆ తల్లి ఫోన్ చేసి, ఆయన మేనల్లుడి గృహప్రవేశానికి బెంగళూరు వెళ్తున్నాడనీ, మొట్టమొదటిసారి విమానం ఎక్కుతున్నాడనీ, శంషాబాద్‌లో దిగి రెండో విమానం ఎక్కడానికి మధ్యలో ఆరు గంటలు ఖాళీ ఉందనీ చెప్పింది. ఒక్క గంట పిల్లను చూసి వెళ్తానని ఒప్పుకున్నాడట. తినడం మాత్రం లేదట. ఆవిడ అమాయకంగా ఇంకో మాట కూడా అంది. "అక్కడి వాళ్లకి చెరువులో బురద చేప తప్ప ఏం తెలుసు, తిందామన్నా ఏముంటుంది అంటున్నారండీ."

ఫోన్ స్పీకర్లో ఉంది. నేను పక్కనే ఉన్నాను. ఊరుకోవచ్చు. ఊరుకోలేదు.

"అమ్మా, మా బావకు చెప్పు. నేను బొంబాయిల సముద్రం ఒడ్డు హోటల్ల ఆరేండ్లు వంట చేసిన. ఓడ కప్తాన్లకు పెట్టిన. మీ దిక్కు రుచి, మా దిక్కు రుచి ఒక్కతాన కలిపి వండి పెడ్త, రమ్మను" అన్నాను.

ఫోన్ పెట్టాక కోడలు అడిగింది. "మామయ్యా, నిజంగా ఆరేళ్లు చేశారా?"

"అబద్ధమెందుకు చెప్త బిడ్డా?"

ఆ పిల్ల ఫోన్ పక్కన పెట్టి, "ఒక్క ముద్ద తింటే చాలు మామయ్యా. నాన్న ఒకసారి తిన్న ఇంటికి మళ్లీ వెళ్లకుండా ఉండరు. నాకు తెలుసు" అంది.

బొంబాయి సంగతి ఇది. పెళ్లికాక ముందు మా ఊరి కూలీల గుంపుతో వెళ్లాను. ఆరేళ్లు కాదు, పందొమ్మిది రోజులు. ఒక చిన్న హోటల్ వెనక గిన్నెలు కడిగాను. జ్వరం వస్తే వెనక్కి వచ్చేశాను. సముద్రాన్ని ఒకసారి చూశాను. అంత నీళ్లు ఒక్కచోట ఉండటం నచ్చక దగ్గరికి పోలేదు.

ఆ రోజు తెల్లవారుతుండగానే బస్సెక్కి పట్నం వెళ్లి, రాంనగర్ చేపల మార్కెట్లో మంచు పెట్టెలోంచి ఒక వంజరం చేప, వెదురు బుట్టలోంచి ఎనిమిది బతికున్న పీతలు కొన్నాను. మా దిక్కు పీతను ఎండ్రకాయ అంటారు. వరి మడి గట్లలో చిన్నప్పుడు పట్టుకుని నిప్పుల మీద కాల్చుకు తిన్నవే. కానీ ఇవి నా అరచేతికంటే పెద్దవి. ఒక్కోదాని చేతులు దగ్గరికి మడిచి గడ్డి తాడుతో కట్టేశారు. గగన్‌పహాడ్ దగ్గర బస్సు ఆగిపోతే, బుట్టలోంచి వచ్చే బరబర చప్పుడు విని పక్కన కూర్చున్నావిడ అడిగింది. "ఏందన్నా అండ్ల?"

"చుట్టాలక్కా" అన్నాను.

ఇంటికి వచ్చాక ఆ చుట్టాలను చూస్తే జాలేసింది. ఎంత దూరం నుంచి వచ్చాయో, నీళ్లు లేక ఎట్లా అల్లాడుతున్నాయో అనిపించింది. మా దగ్గర చెరువు చేపను బతికించుకోవాలంటే తొట్టిలో వేస్తాం. ఆ తెలివితోనే బర్రె నీళ్లు తాగే సిమెంటు తొట్టిని కడిగి, బోరు నీళ్లు నింపి, ఎనిమిదింటినీ అందులో వదిలాను. వదిలే ముందు, ఈత కొట్టడానికి వీలుగా ఉండాలని, తాళ్లు కూడా కోసేశాను. అప్పుడు గుర్తొచ్చింది, సముద్రం ఉప్పగా ఉంటుందని. వంటింట్లోంచి దొడ్డుప్పు సంచి తెచ్చి సగం కుమ్మరించాను.

మా ఇంటిది గడపలో నిలబడి అంతా చూసింది. "ఏమయ్యా, అవ్వి కూరకు తెచ్చినవా, కొలువుకు తెచ్చినవా?"

"నీకేం తెలుసే? బొంబాయిల గిట్లనే జేస్తరు."

"గిన్నెలు గూడ ఉప్పు నీళ్లల్లనే కడిగినవా మరి?"

ఆమెకు పందొమ్మిది రోజుల సంగతి మొదటినుంచీ తెలుసు. నేను వినపడనట్టు చేప దగ్గరికి వెళ్లాను. చేపకు మట్టి వాసన పోవాలంటే ఏం చెయ్యాలో తెలంగాణలో చంటిపిల్లకైనా తెలుసు. పొయ్యి బూడిద పట్టించి బండ మీద రుద్దాలి. తర్వాత పుల్లటి మజ్జిగలో నానబెట్టాలి. వంజరాన్ని రెండుసార్లు రుద్దాను. అతిథి గొప్పవాడు కాబట్టి మూడోసారి కూడా రుద్దాను.

మూడు దాటాక మా వాడు ఆయనను విమానాశ్రయం నుంచి తీసుకొచ్చాడు. తెల్లటి పంచె, ఇస్త్రీ చొక్కా, చేతిలో చిన్న సంచి. వరండాలో కుర్చీ వేశాం. కోడలు మంచినీళ్లు తెచ్చింది. ఆయన గ్లాసు వైపు చూసి, "ఇప్పుడే తాగొచ్చాను" అన్నాడు, గోడతో అన్నట్టు. కోడలు ఆ గ్లాసు పట్టుకుని తలుపు పక్కన నిలబడిపోయింది. తండ్రీ కూతుళ్ల మధ్య నాలుగు అడుగులు. ఆ నాలుగు అడుగుల్లో ఒక గ్లాసెడు నీళ్లు.

నేనే మొదలుపెట్టాను. "విమానం మంచిగున్నదా బావా?"

"ఉందండీ." బావ అన్న పిలుపును ఆయన అందుకోలేదు.

"భయమైందా?"

"భయం దేనికండీ?" అన్నాడు. ఆ క్షణంలోనే మా ఇంటి మీదుగా ఒక విమానం పోయింది. ఆయన మాట ఆపి, మెడ తిప్పి, అది కనపడనంత దూరం పోయేదాకా చూశాడు. మేం ఏళ్ల తరబడి అలవాటుపడి తల ఎత్తడం మానేశాం. ఆయన మాత్రం తాను దిగి వచ్చింది అదే అన్నంత పరిచయంగా చూశాడు.

ఇంకో పావుగంట అట్లాగే కూర్చుని ఉంటే గంట అయిపోయేది, ఆయన లేచి వెళ్లిపోయేవాడు. అప్పుడు కొట్టంలోంచి బర్రె అరిచింది.

నేను తొట్టి మీద మూత పెట్టలేదు. దాహమేసి బర్రె మూతి పెట్టింది. ఉప్పు రుచి దానికి నచ్చి ఇంకాస్త లోపలికి పెట్టింది. అంతే. అది తాడు తెంపుకుని వరండా ముందుకు వచ్చేసరికి దాని ముక్కుకు ఒక పీత వేలాడుతోంది.

ఇక్కడ నేను ఊళ్లో చెప్పే కథ వేరే ఉంది. అందులో బర్రె ప్రహరీ దూకి రన్‌వే మీదికి పోతుంది. ఢిల్లీ విమానం దిగలేక మూడు చుట్లు తిరుగుతుంది. అసలు జరిగింది ఏమిటంటే, అది హైవే పక్కనున్న పంక్చర్ షాపు దాకా, అంటే నలభై అడుగులు పోయి, అక్కడ వేలాడదీసిన పాత టైర్ల మధ్య తల దూర్చి ఆగిపోయింది. తల ఆడించినప్పుడల్లా పీత అటూ ఇటూ ఊగుతోంది. నేను పరుగెత్తుకెళ్లి పీతను పట్టుకుని లాగబోయాను.

"లాగకండీ!" వెనక నుంచి కేక. వియ్యంకుడు. పంచె ఎగ్గట్టి, చెప్పులు లేకుండా పరుగెత్తుకొస్తున్నాడు. "లాగితే ఇంకా బిగిస్తుంది! మూతిని నీళ్లలో పెట్టించండి, అదే వదిలేస్తుంది!"

"తొట్టి తానికి రాదు బావా! ఇగ జన్మల రాదు!"

"అయితే నీళ్లే దాని దగ్గరికి తేవాలి కదండీ!"

పంక్చర్లు చూసే నీళ్ల బకెట్ అక్కడే ఉంది. నేను కొమ్ములు పట్టుకున్నాను. లెక్కల మాస్టారు బకెట్ రెండు చేతులా ఎత్తి బర్రె మూతికి చిక్కంలా తొడిగాడు. తర్వాత బకెట్ అడుగున టప్‌మని చప్పుడు. పీత వదిలింది. బర్రె ఊపిరి పీల్చుకుని, ఒక్కసారి తుమ్మింది. ఆ తుమ్ములో బకెట్ నీళ్లన్నీ ఆయన మీద పడ్డాయి. నీళ్లతో పాటు టైర్ల మసి, బర్రె చొంగ కూడా. వెనక్కి అడుగు వేయబోయి పేడలో జారి కూర్చున్నాడు కూడా. బకెట్ మాత్రం వదల్లేదు.

అట్లా ఆయన మా ఇంటి నీళ్లతో స్నానం చేయాల్సి వచ్చింది. నా గళ్ల లుంగీ, నా బనియన్ వేసుకోవాల్సి వచ్చింది. ఆయన పంచె కోడలు ఉతికి మేడ మీద ఆరేసింది. పంచె ఆరేదాకా ఎక్కడికీ పోలేడు. గళ్ల లుంగీతో బెంగళూరు విమానం ఎక్కడానికి ఆయన పరువు ఒప్పుకోదు.

లుంగీ కట్టుకున్న మనిషి మాట కూడా మారుతుందని ఆ రోజే చూశాను. తిన్నగా తొట్టి దగ్గరికి వచ్చాడు. "ఎన్ని తెచ్చారండీ?"

"ఎనిమిది."

తొట్టిలో రెండే ఉన్నాయి. రెండూ వెల్లకిలా తేలుతున్నాయి.

"నిలవ నీళ్లలో ముంచేశారా? ఊపిరాడక చచ్చాయి. తడి గోనెలో కట్టి పడేస్తే రెండ్రోజులు నిక్షేపంలా ఉండేవి. మరి తాళ్లు?"

"కోసిన. పాపమని."

ఆయన నలభై ఏళ్ల ఉద్యోగంలో అట్లాంటి జవాబు ఏ పిల్లవాడూ రాసి ఉండడు. "చచ్చినవి పారేయండి, తినకూడదు. బకెట్లో ఒకటి ఉంది. ఇంకా అయిదు మీ ఇంట్లో తిరుగుతున్నాయి" అన్నాడు, హెచ్చవేత చెప్పినట్టు.

వాటిని పట్టింది ఆయనే. వెనక నుంచి వెళ్లి, కర్రతో డొప్ప అదిమి, వెనక కాళ్లు పట్టి లేపడమే. గడ్డివాము కింద ఒకటి, బట్టలుతికే బండ వెనక ఒకటి, మా వాడి బూటులో ఒకటి, నీళ్ల మోటారు పక్కన ఒకటి. ఎనిమిదోది దొరకలేదు. మంచాల కింద, బీరువా కింద అంతా చూశాడు. టార్చిలైటు పట్టుకుని కోడలు వెనకాలే తిరిగింది. "అటు పట్టు. ఆ మూలకి పట్టు" అన్నాడు రెండుసార్లు. రెండేళ్ల తర్వాత ఆయన కూతురితో అన్న మొదటి మాటలు అవే.

తర్వాత నా దురదృష్టం కొద్దీ వంటింటి వెనక్కి వచ్చి వంజరాన్ని చూశాడు.

"ఏంటండీ ఇది?"

"మజ్జిగల నానవెట్టిన. బూడిద రుద్ది, మట్టి వాసన పోవాల్నని."

"సముద్రం చేపకి మట్టి వాసనేంటండీ!" ఆయన గొంతు పంక్చర్ షాపు దాకా వినిపించి ఉంటుంది. "అసలు మీరు బొంబాయిలో ఏ హోటల్లో చేశారు?"

"సముద్రం ఒడ్డుకే..."

"ఏ ఒడ్డు? పేరేంటి? ఏ చేపలు వండేవారు?"

కోడలు అక్కడే ఉంది. ఆ పిల్ల ముందు ఇంకా లాగలేకపోయాను. "ఆరేండ్లు గాదు బావా. పందొమ్మిది దినాలు. వంట గూడ గాదు. గిన్నెలు కడిగిన."

ఆయన చేపను కడుగుతూనే అడిగాడు. "బాగా కడిగేవారా?"

"మంచిగనే కడుగుతుంటి."

"అయితే ఆ మూకుడు కడగండి."

కడిగాను. అట్లా మొదలైంది వంట. మూడు రాళ్ల పొయ్యి మీద మట్టి కుండ పెట్టి చేపల పులుసు ఆయన, పక్కన మూకుట్లో పీతల వేపుడు నేను. "మీ కోసం కాదు, చేపని పాడుచేస్తే నాకు నిద్రపట్టదు" అని ముందే చెప్పాడు. చింతపండు పిసికాడు, ఉల్లిపాయ నూరించాడు, పచ్చిమిర్చి చీల్చాడు, బెండకాయలు అడిగాడు. చేపల్లో బెండకాయలు ఏమిటని నేను నోరు తెరిస్తే, "బూడిద కంటే నయమే" అన్నాడు. గరిటె పెట్టనివ్వలేదు. గుడ్డతో కుండ అంచులు పట్టి గుండ్రంగా తిప్పడమే.

నాకు మాట పోతోంది. రెండు దిక్కుల రుచి కలిపి పెడతానన్నవాణ్ణి, చివరికి మూకుడు కడిగేవాణ్ణయ్యాను. అప్పుడు విమానం వచ్చింది. ఆయన కుండ వదిలి మెడ ఎత్తాడు. నేను వేయించిన నువ్వుల పొడి గుప్పెడు పులుసులో వేశాను. రెండో విమానానికి పల్లీల పొడి. మూడోదానికి ఎండుకొబ్బరి, మెంతిపొడి కలిపి. ఆ సాయంత్రం మా ఇంటి మీద విమానాలు బాగా తిరిగాయి.

"ఇదేంటండీ ఇలా చిక్కబడింది?" అన్నాడు కుండలోకి వంగి.

"పొగకు గట్ల కనవడ్తది బావా."

ఆయన మళ్లీ గుడ్డ అందుకుని కుండ తిప్పాడు. పొయ్యి దగ్గరికొచ్చిన కోడిని తోలడానికి నేను లేచి వెనక్కి తిరిగేసరికి, నా పీతల వేపుడులో బెల్లం ముక్క కరుగుతోంది, మామిడికాయ ముక్కలు తేలుతున్నాయి. అది వేపుడు ఎప్పుడో మానేసి ఇగురైంది. ఆయన ముఖం మాత్రం పరీక్ష గదిలో కాపలా ఉన్నంత గంభీరంగా ఉంది.

అన్నీ దింపాం. జొన్నరొట్టెలు తయారు, అన్నం తయారు. అప్పుడు అందరికీ అసలు సంగతి గుర్తొచ్చింది. ఆయన తినడు. ఆయనకే ముందు గుర్తొచ్చింది. చేతులు తుడుచుకుని, "పంచె ఆరిందేమో చూడమ్మా" అన్నాడు. కోడలు కదల్లేదు. కళ్లు మాత్రం కుండ మీద పెట్టి నిలబడింది.

ఈ తర్వాత జరిగిన ఎత్తు నాదేనని చాలాచోట్ల చెప్పాను. నాది కాదు. అప్పుడు నేను లుంగీలో ఉన్న మా వియ్యంకుణ్ణి చూస్తూ దిక్కుతోచక నిలబడ్డాను. మా ఇంటిది చీర చెంగు దోపుకుంటూ వచ్చి, "అన్నా, ఉప్పు సూసినవా?" అంది.

"నేను తిననమ్మా. ఏమీ అనుకోకండి."

"తినుమని అంటలేనన్నా. ఉప్పు సూడుమంటున్న. వండినోళ్లు ఉప్పు సూడకుంటె ఎట్ల? మా ఆయనకు సూడరాదు. ఆయన ఎండ్రకాయలకే సంచెడు ఉప్పు పోసిండు."

నాకు మంచం కింద పెట్టిన పల్లీల గిన్నె గుర్తొచ్చింది.

మాస్టారు ఆలోచించాడు. లెక్క తప్పు కాదు. ఉప్పు చూడటం తినడం కాదు. అరచేతిలో ఒక చుక్క వేయించుకుని నాలుకకు రాసుకున్నాడు. కళ్లు మూశాడు. తెరిచాడు. "ఇందులో నువ్వులు పడ్డాయి."

"పడ్డయి. ఉప్పెట్లున్నది?"

"ఒక చుక్కతో తెలియట్లేదు."

ఇంకో గరిటెడు. "పిసరు తక్కువ." ఉప్పు వేశాం. వేశాక మళ్లీ చూడాలి కదా. "ఇప్పుడు కాస్త ఎక్కువైంది, రెండు చుక్కలు చింతపండు పోయండి." పోశాం. మళ్లీ చూశాడు.

"మా తాన రొట్టెతోని తింటం అన్నా. రొట్టెల పెట్టుకొని సూస్తెనే ఉప్పు తెలుస్తది" అంది మా ఇంటిది. రొట్టెతో చూశాడు. ముక్కకు పట్టిందో లేదో తెలియాలని ముక్కతో చూశాడు. తోక ముక్కకు ఒక రకంగా, నడుము ముక్కకు ఒక రకంగా పడుతుందని రెండూ చూశాడు. పీతల ఇగురును కాలు విరిచి, డొప్ప గీకి, లోపలి ఉప్పు వేరుగా, బయటి ఉప్పు వేరుగా చూశాడు. అన్నంతో చూడకపోతే పులుసు సంగతి తేలదని తనే అన్నాడు. ఇదంతా నిలబడే. కూర్చుంటే భోజనం అవుతుంది. ఎడమచేతిలో పళ్లెం లేదు. ఆ చేతిలో రొట్టె అయిపోయినప్పుడల్లా కోడలు ఇంకోటి పెడుతోంది. నాలుగో రొట్టెకు ఆయన కూతురి వైపు చూసి, "మీ మామగారు ఉప్పు విషయంలో సున్నా అమ్మా" అన్నాడు.

"అవును నాన్నా" అంది ఆ పిల్ల. ఆ రెండు మాటలకూ మధ్యలో నా పరువు పోయింది. పోతే పోయింది.

రుచి సంగతి. అమృతమని నేను చెప్పని మనిషి మా ఊళ్లో లేడు. నిజం రాస్తున్నాను. ఆయన ఉప్పు చూడటం ముగిసేసరికి, కలిపిన ఉప్పుకు చింతపండు, చింతపండుకు నీళ్లు, నీళ్లకు కారం వేసీ వేసీ పులుసు కుండ అంచుదాకా పొంగింది. మా వంతు వచ్చేటప్పటికి అది ఉప్పు, పులుపు, నువ్వులు, కొబ్బరి ఎవరి దారి వారు పట్టిన కూర. మా వాడు పెరుగు కలుపుకుని తిన్నాడు. నేను మాత్రం మూడుసార్లు వేయించుకున్నాను. సగం నేనే వండాను కాబట్టి.

పొద్దుగూకేటప్పటికి పంచె ఆరింది. బయల్దేరేముందు మా ఇంటిదానితో "వస్తాను చెల్లెమ్మా" అన్నాడు. "భోజనం లేకపోయినా, ఉప్పు విషయంలో కష్టపడ్డారు" అని కూడా అన్నాడు. నాతో మాత్రం, "ఎనిమిదోది ఇంట్లోనే ఉంటుందండీ, చూసి కాలు పెట్టండి" అన్నాడు.

మర్నాడు మధ్యాహ్నం కోడలి ఫోన్ మోగింది. తల్లి నంబరు కాదు. ఆ పిల్ల ఎత్తడానికి భయపడి నా వైపు చూసింది. ఎత్తితే అవతల నుంచి, "ఏమ్మా, ఎనిమిదోది దొరికిందా?"

మూడో రోజు దొరికింది. వాసన పట్టుకుని వెళ్లి బియ్యం డబ్బా వెనక నుంచి చీపురుతో లాగాను. ఎప్పుడో పోయింది పాపం. చేటలో వేసుకుని బయటికి వస్తుంటే కోడలి ఫోన్ మళ్లీ మోగింది. ఆమె ఫోన్ చెవిన పెట్టుకుని, నా చేతిలోని చేటను చూస్తూ, తడుముకోకుండా అంది. "లేదు నాన్నా. ఇంకా దొరకలేదు."

అప్పటిదాకా మా ఇంట్లో అబద్ధాలు నా ఒక్కడి వ్యవసాయం. ఆ రోజు ఆ పంటలో నాకు వాటాదారు వచ్చింది. ఎవరికీ చెప్పొద్దని కళ్లతోనే అంది. చెప్పలేదు. చేపను తొమ్మిది కిలోలు చేసినవాణ్ణి, బర్రెను రన్‌వే ఎక్కించినవాణ్ణి, ఈ ఒక్కదాన్ని మాత్రం కడుపులో పెట్టుకున్నాను.

ఆ తర్వాత ప్రతి ఆదివారం ఫోన్. ముందు ఎండ్రకాయ సంగతి, తర్వాత మిగతా సంగతులు. ఈ రెండేళ్లలో మూడుసార్లు మా ఇంటికి వచ్చాడు. వచ్చిన ప్రతిసారీ ముందు టార్చి అడిగి మంచాల కింద వెతుకుతాడు. తర్వాత పొయ్యి దగ్గరికొచ్చి, నాతో మూకుడు కడిగించి, నిలబడి ఉప్పు చూస్తాడు. కిందటిసారి నన్ను "బావగారూ" అని పిలిచాడు. మూకుడుకు అడుగు మాడు పోలేదని చెప్పడానికి పిలిచాడు. పిలుపు పిలుపే. మా ఇంట్లో ఆయన ఇప్పటిదాకా ఒక్క పూట కూడా తినలేదు.

నిన్న ఈ కాగితాలు కోడలు మా ఇంటిదానికి చదివి వినిపించింది. బియ్యం డబ్బా దగ్గరికి వచ్చేసరికి ఆగిపోయింది. "మామయ్యా, ఇది తీసేయండి. నాన్న చదువుతారు. ఎనిమిదోది ఎప్పుడో దొరికిందని తెలిస్తే ఇంక..."

మా ఇంటిది చిక్కుడుకాయలు ఈనెలు తీస్తూ తల కూడా ఎత్తలేదు.

"చదవని. సముద్రం పక్కన పుట్టినోడు. ఎండ్రకాయ నీళ్లు లేకుంట రెండేండ్లు బతుకుతదా లేదా, ఆయనకు తెల్వదా బిడ్డా?"